డాక్టర్ సోక్రటీస్‌కి ఒకే ఓటు

ఇంట్లో పెళ్ళి కుదిరిందంటే శుభలేఖ ఏ రంగులో ఉండాలో అందరినీ అడుగుతారు. పిల్లలు ఒకటంటారు, పిన్ని ఇంకోటి అంటుంది, మేనమామ ఫోన్లోనే నమూనాలు చూసి మూడోది ఎంచుతాడు. చివరికి అచ్చుకి వెళ్ళేది మాత్రం ఇంటిపెద్ద ముందే మనసులో అనుకున్న రంగే. ఎవరూ గొడవ పెట్టుకోరు. అడిగారు కదా, అదే పదివేలు అనుకుంటారు. అపార్ట్‌మెంట్ సంఘంలోనూ, ఆఫీసు మీటింగుల్లోనూ జరిగేది ఇంచుమించు ఇదే. "మీ అందరి అభిప్రాయం చెప్పండి" అని వినపడగానే కొందరు తల దించుకుని ఫోను చూసుకోవడం మొదలుపెడతారు. అడగడం మర్యాద కోసమేనని వాళ్ళకి అనుభవం మీద తెలుసు. మరి ఆ మర్యాద నిజం కావాలంటే అడిగేవాడు ఏం వదులుకోవాలి? తన మాట నెగ్గకపోయినా సరేనని ముందే ఒప్పుకోవాలి. అందరికంటే ఎక్కువ పేరున్నవాడు, అందరికంటే ఎక్కువ తెలిసినవాడు, తనకీ సామాన్లు మోసే కుర్రాడికీ ఒక్కో ఓటే అంటే నిజంగా ఒప్పుకుంటాడా? ఒప్పుకుంటే ఎన్నాళ్ళు?

ఒప్పుకున్నవాడు ఒకడున్నాడు. బ్రెజిల్ ఫుట్‌బాల్ మిడ్‌ఫీల్డర్. పేరు సోక్రటీస్.

1981లో సావ్ పావ్లో నగరంలోని కొరింథియన్స్ క్లబ్బు పరిస్థితి ఏమీ బాగాలేదు. శ్రామికవాడల నుంచి పుట్టిన క్లబ్బు, దేశంలోనే అత్యధిక అభిమానులున్న క్లబ్బుల్లో ఒకటి, ఆ ఏడాది ఆట చెడి జాతీయ పోటీల రెండో అంచెకి జారింది. ఏళ్ళ తరబడి ఏకఛత్రంగా ఏలిన విసెంతె మతేవుస్ స్థానంలో వాల్దెమార్ పీరెస్ అధ్యక్షుడయ్యాడు. ఆయన ఫుట్‌బాల్ విభాగాన్ని అడిల్సన్ మొంతేరో అల్వెస్ అనే యువకుడికి అప్పగించాడు. ఆ యువకుడు చదివింది సమాజశాస్త్రం. ఆటగాళ్ళని కూర్చోబెట్టి ఉపన్యాసం ఇవ్వడానికి బదులు, ఇక్కడ ఏం బాగాలేదో మీరే చెప్పండని అడిగాడు. ఆ మాటలు గంటల తరబడి సాగాయి. ఆ గదిలో సోక్రటీస్ ఉన్నాడు, ఎడమ వైపు డిఫెన్స్‌లో ఆడుతూ ఆటగాళ్ళ యూనియన్ పనుల్లోనూ తిరిగే వ్లాదిమీర్ ఉన్నాడు. కొంతకాలానికి ఇరవయ్యేళ్ళయినా నిండని కాసాగ్రాండె వాళ్ళతో కలిశాడు.

అప్పటి నుంచి అన్నీ ఓటుకే. ప్రాక్టీసు ఎన్నింటికి మొదలవ్వాలి, ఏ ఆటగాణ్ణి కొనాలి, ప్రయాణం ఎప్పుడు, బస్సు ఎక్కడ ఆగాలి, ప్రతిదీ. ఓటు ఆటగాళ్ళకే కాదు, మాలిష్ చేసేవాళ్ళకీ, జెర్సీలు, బూట్లు చూసుకునేవాళ్ళకీ ఉండేది. గెలిస్తే వచ్చే బోనసులో వాళ్ళకీ వాటా ఉండేది. 1983లో కొన్నాళ్ళు కోచ్ ఎవరన్నది కూడా ఆటగాళ్ళే తేల్చుకున్నారు. తమతో కలిసి ఆడిన జె మరియానే ఆ కుర్చీలో కూర్చోబెట్టారు.

వీటన్నిటిలో పెద్ద తగాదా మ్యాచ్‌కి ముందు బస గురించి. బ్రెజిల్‌లో అప్పటికి అదొక ఆచారం. మ్యాచ్‌కి ఒకటి రెండు రోజుల ముందే ఆటగాళ్ళందరినీ హోటల్లో పెట్టేసేవారు. పెళ్ళాం బిడ్డలున్న ముప్పయ్యేళ్ళ మనిషి కూడా రాత్రి ఎన్నింటికి దీపం ఆర్పాలో, ఏం తినాలో, ఎవరితో మాట్లాడాలో ఇంకొకరు చెప్పాల్సిందే. బయటికి వదిలితే తాగుతారు, తిరుగుతారు, మ్యాచ్ పాడుచేస్తారు అనే భయం దాని వెనక ఉంది. ఆ భయంలో ఒక పెద్ద అవమానం కూడా ఉంది. ఆటగాళ్ళలో ఎక్కువమంది పేద ఇళ్ళ నుంచి వచ్చినవాళ్ళు, చదువు పెద్దగా లేనివాళ్ళు, అందులో చాలామంది నల్లవాళ్ళు. వాళ్ళు తమ బాగోగులు తాము చూసుకోలేరన్నది యాజమాన్యాలకి ఎప్పుడూ ఓటుకి పెట్టనక్కరలేని నిజంగా ఉండేది. కొరింథియన్స్‌లో దాన్ని ఓటుకి పెట్టారు. హోటల్ బస ఎవరిష్టం వాళ్ళదయింది. పత్రికల్లో కొన్ని దీన్ని తాగుబోతుల రాజ్యం అన్నట్టు రాశాయి. జట్టు మాత్రం 1982లోనూ, 1983లోనూ వరుసగా సావ్ పావ్లో రాష్ట్ర ఛాంపియన్ అయింది. రెండుసార్లూ ఫైనల్లో ఓడింది సావ్ పావ్లో ఎఫ్‌సీనే.

అప్పటి బ్రెజిల్ సంగతి గుర్తు లేకపోతే ఇదంతా ఒక క్లబ్బు సరదాలా కనిపిస్తుంది. 1964 నుంచి ఆ దేశాన్ని సైన్యం ఏలుతోంది. అధ్యక్షుడిగా ఒక జనరల్ పోతే ఇంకో జనరల్. 1960 తర్వాత ప్రజలు అధ్యక్షుడికి ఓటు వేసింది లేదు. అలాంటి దేశంలో లక్షలమంది ప్రతి ఆదివారం చూసే ఒక జట్టు, మేం ఓటు వేసుకుని బతుకుతున్నాం, బాగానే ఆడుతున్నాం అని బాహాటంగా చెప్పింది. జర్నలిస్టు జూకా క్ఫూరి నోటి నుంచి వచ్చిన మాటని ప్రకటనల రంగంలో దిట్ట వాషింగ్టన్ ఒలివెట్టో పట్టుకుని దీనికి 'కొరింథియన్ ప్రజాస్వామ్యం' అని పేరు స్థిరపరిచాడు. 1982 నవంబర్‌లో గవర్నర్ల ఎన్నికలు వచ్చాయి. చాలా ఏళ్ళకి జనానికి దొరికిన పెద్ద ఓటు అది. అప్పుడప్పుడే జెర్సీల మీద కంపెనీల ప్రకటనలకి అనుమతి వచ్చింది. ఆ జాగాలో కొరింథియన్స్ ఆటగాళ్ళు 15న ఓటు వేయండి అని రాయించుకుని ఆడారు. ఏ పార్టీకి వేయమని లేదు, వేయండి అనే. సరుకు అమ్ముకోవాల్సిన చోట పౌరుడి పనిని గుర్తుచేశారు. అంత చిన్న వాక్యం అంత దూరం వెళ్ళడం ఆశ్చర్యంగానే ఉంటుంది.

ఇంత పట్టుదల ఈ మనిషికి ఎక్కడి నుంచి వచ్చింది? జవాబు కోసం వెతికితే మొదట కనిపించేది ఒక తండ్రి, ఆయన పుస్తకాల బీరువా. రైముందో సియరా రాష్ట్రపు పేదరికం నుంచి వచ్చినవాడు. సొంతంగా చదువుకుని పరీక్షలు రాసి పన్నుల శాఖలో ఉద్యోగం తెచ్చుకున్నాడు. గ్రీకు తత్వవేత్తలంటే ప్రాణం. 1954 ఫిబ్రవరి 19న బెలెంలో పుట్టిన పెద్దకొడుక్కి సోక్రటీస్ అని పేరు పెట్టాడు. తర్వాతి ఇద్దరూ సోస్తెనెస్, సోఫోక్లెస్. ఆఖరివాడు రాయి. ఈ రాయి కూడా మిడ్‌ఫీల్డరే అయ్యాడు, 1994 ప్రపంచ కప్పుని బ్రెజిల్ కెప్టెన్‌గా మొదలుపెట్టాడు. కుటుంబం సావ్ పావ్లో రాష్ట్రంలోని రిబెయిరావ్ ప్రేతోకి మారాక 1964 సైనిక కుట్ర వచ్చింది. తన పుస్తకాల మీద అంత ప్రేమ ఉన్న ఆ తండ్రి బోల్షివిక్కుల మీద పుస్తకం దొరికితే ప్రమాదమని భయపడి తన చేతులతోనే కాల్చడం పదేళ్ళ సోక్రటీస్ చూశాడు. పెద్దయ్యాక ఎవరడిగినా ఆ సంఘటనే చెప్పేవాడు. కష్టపడి కొనుక్కున్న పుస్తకాన్ని తండ్రే తగలబెట్టేలా చేసినవాళ్ళు ఎవరు, ఏ హక్కుతో చేశారు అని ఆ పిల్లవాడికి అప్పుడే తట్టి ఉండకపోవచ్చు. తర్వాత తట్టింది, ఇక వదల్లేదు.

ఆ పిల్లవాడు డాక్టరయ్యాడు కూడా. అది అలంకారానికి వచ్చిన బిరుదు కాదు. సావ్ పావ్లో విశ్వవిద్యాలయానికి రిబెయిరావ్ ప్రేతోలో ఉన్న వైద్య కళాశాలలో చదువుతూనే ఆ ఊరి బొటఫోగో జట్టుకి ఆడాడు. 1976లో రాష్ట్ర పోటీలో అందరికంటే ఎక్కువ గోల్స్ చేశాడు. పెద్ద క్లబ్బులు పిలిచినా డిగ్రీ చేతికొచ్చేదాకా ఊరు కదల్లేదు. కొరింథియన్స్‌కి వెళ్ళింది 1978లో, ఇరవై నాలుగేళ్ళ వయసులో. మిగతావాళ్ళు ఆ వయసుకి అప్పటికే ఆరేడేళ్ళుగా నగరాల్లో నలిగి ఉంటారు.

అతని ఆటని ఆ చదువే మలిచింది. తరగతులు, ఆసుపత్రి డ్యూటీలు పోను ప్రాక్టీసుకి సమయం ఉండేది కాదు. ఊపిరి చాలేది కాదు. ఎత్తు ఆరడుగుల నాలుగంగుళాలకి దగ్గర, పాదాలు ఆ ఎత్తుకి చాలా చిన్నవి. అలాంటి శరీరం గిరుక్కున వెనక్కి తిరగాలంటే ఆలస్యమవుతుంది, ఈలోపు ఎదుటివాడు వచ్చి కాలికి అడ్డుపడతాడు. అందుకని తిరగడం మానేశాడు. బంతి వస్తుండగానే వెనక ఎవరున్నారో లెక్క చూసుకుని, వీపు అటు ఉండగానే మడమతో తట్టేవాడు. చూసేవాళ్ళకి అదొక విలాసం. అతనికి అది బతుకుతెరువు. నిదానంగా గమనిస్తే ఇంకోటి కనిపిస్తుంది. మడమతో పాసిచ్చేవాడు బంతి ఎక్కడికి వెళ్తోందో చూడడు. అక్కడ తనవాడు ఉంటాడన్న నమ్మకం మీదే ఇస్తాడు. జట్టు మీద అంత భరోసా లేనివాడు ఆ పాస్ ఇవ్వలేడు. ఇతను మ్యాచ్ మ్యాచ్‌కీ ఇచ్చాడు. వెనక్కి తిరిగి ఆడే సోక్రటీస్ ముందుకి చూసి ఆడే చాలామందికంటే నయమని పెలే అన్నట్టు బ్రెజిల్‌లో చెప్పుకుంటారు.

1982 ప్రపంచ కప్పుకి స్పెయిన్ వెళ్ళిన బ్రెజిల్ జట్టుకి అతనే కెప్టెన్. కోచ్ తెలె సంతాన. మిడ్‌ఫీల్డ్‌లో జీకో, ఫల్కావ్, సెరెజో. ఒకరికొకరు బంతి ఇచ్చుకునే తీరు చూసినవాళ్ళకి నలభయ్యేళ్ళ తర్వాత కూడా ఇంకే జట్టూ కంటికి ఆనలేదు. మొదటి మ్యాచ్‌లో సోవియట్ జట్టు ఒక గోల్ ముందుంది. 75వ నిమిషంలో సోక్రటీస్ గోల్‌కి చాలా దూరంగా బంతి అందుకున్నాడు. కొట్టబోతున్నట్టు కాలు ఎత్తి ఒకణ్ణి పక్కకి తప్పించాడు, మళ్ళీ అదే చేసి ఇంకొకణ్ణి. అప్పుడు కొట్టిన బంతి దసాయెవ్ లాంటి గోల్‌కీపర్ చేతులకి అందకుండా పైమూలకి వెళ్ళింది. రెండుసార్లు కొట్టబోయి ఆగినవాడు మూడోసారి నిజంగా కొడతాడని ఎవరూ అనుకోలేదు. బ్రెజిల్ 2-1తో గెలిచింది.

జులై 5న బార్సిలోనాలోని సరియా స్టేడియంలో ఇటలీతో ఆట. డ్రా చేసుకుంటే చాలు, బ్రెజిల్ సెమీఫైనల్‌కి వెళ్తుంది. 5వ నిమిషంలో ఇటలీ ఆటగాడు పావొలో రోసీ గోల్. 12వ నిమిషంలో జీకో ఇచ్చిన బంతితో సోక్రటీస్ కుడివైపు నుంచి దూసుకుపోయాడు. గోల్‌కీపర్ జోఫ్‌కీ దగ్గరి స్తంభానికీ మధ్య ఉన్న సందులోంచి కొట్టాడు. బంతి గీత దాటేటప్పుడు సున్నం పొడి లేచింది. రోసీ మళ్ళీ కొట్టాడు. 68వ నిమిషంలో ఫల్కావ్ సమం చేశాడు. 74వ నిమిషంలో రోసీ మూడోది. 3-2.

68కీ 74కీ మధ్య ఆరు నిమిషాలున్నాయి. ఆ ఆరు నిమిషాల్లో డ్రా బ్రెజిల్ చేతిలో ఉంది. అక్కడే ఆగి కాపు కాసి ఉంటే అని ప్రపంచమంతా ఆ జట్టుని తప్పుపట్టింది, గెలుపుకంటే అందాన్ని ప్రేమించారంది. కానీ ఆ మూడో గోల్ ఎలా వచ్చిందో చూడాలి. అది కార్నర్ నుంచి వచ్చింది. ఆ సమయానికి బ్రెజిల్ ఆటగాళ్ళందరూ తమ గోల్ ముందే ఉన్నారు. పిచ్చిగా దాడికి పోయి నష్టపోయారన్న మాట ఆ గోల్‌కి సరిపోదు. చివర్లో బ్రెజిల్ ఆటగాడు ఆస్కార్ తలతో కొట్టిన బంతిని జోఫ్ గీత మీద పట్టుకోకపోతే ఈ చర్చే ఉండేది కాదు. అయినా ఆ కథ స్థిరపడిపోయింది. అందం కోసం ఆడితే ఇంతే అన్నది తర్వాత బ్రెజిల్ కోచ్‌లకే వేదవాక్యమైంది. సోక్రటీస్ మాత్రం ఆ తీర్పుని ఒక్కరోజూ ఒప్పుకోలేదు. అందం ముందు, గెలుపు ఆ తర్వాత అని చివరిదాకా వాదించాడు. ఆ ఆరు నిమిషాల్లో ఎవరైనా ఓటు పెట్టి ఉంటే పదకొండుమందీ ఏమనేవారు? ఆడదాం అనే అనేవారేమో. వాళ్ళ ఆట చూస్తే అలాగే అనిపిస్తుంది.

కొరింథియన్స్ ఓట్లలోనూ అంతా సజావుగా సాగలేదు. 1983లో వచ్చిన గోల్‌కీపర్ లియావ్‌కి ఆ పద్ధతి నచ్చలేదు. పేరుకే అందరి ఓటు, నడిపించేది నలుగురే అని అతని ఫిర్యాదు. దాన్ని కొట్టిపారేయకూడదు. సోక్రటీస్ మాట్లాడాక చెయ్యెత్తే కుర్రాడు తన మనసులో మాటకే ఎత్తాడా, డాక్టరుగారి మాటకి ఎత్తాడా? వాక్చాతుర్యం, చదువు, ఎత్తు, పేరు, ఇవన్నీ ఉన్నవాడు ఓటు ఒక్కటే తీసుకున్నా బరువు మాత్రం ఒక్కడిది కాదు. శుభలేఖ రంగు విషయంలో పెద్దాయన చేసేదానికీ దీనికీ తేడా ఏమిటి అని ఎవరైనా నిలదీస్తే జవాబు తొందరగా దొరకదు. దొరికేది 1984 ఏప్రిల్‌లో.

అప్పటికి అధ్యక్షుణ్ణి నేరుగా మేమే ఎన్నుకుంటాం అని దేశమంతా పసుపు రంగు కట్టుకుని వీధుల్లోకి వచ్చింది. దాంతె ద ఒలివేరా అనే యువ పార్లమెంటు సభ్యుడు రాజ్యాంగ సవరణ ప్రతిపాదించాడు. ఏప్రిల్ 16న సావ్ పావ్లోలోని అన్యాంగబావు లోయలో పది లక్షలకు పైగా జనం కూడారని లెక్కకట్టారు. ఆ సభలకి వ్యాఖ్యాత ఒస్మార్ సాంతోస్, అంటే మామూలు రోజుల్లో మ్యాచ్‌లకి రేడియోలో గొంతు పోసే మనిషి. వేదిక మీదికి సోక్రటీస్ వచ్చాడు. ఇటలీ నుంచి ఫియొరెంటీనా క్లబ్బు పెద్ద మొత్తానికి పిలుస్తోందని అందరికీ తెలుసు. సవరణ నెగ్గితే బ్రెజిల్ వదిలి వెళ్ళనని అక్కడ మాటిచ్చాడు. లోయంతా హోరెత్తింది.

ఇక్కడ ఆగి చూడాల్సింది ఆ మాటలోని షరతుని. బస్సు ఎక్కడ ఆగాలన్న విషయంలో ఓడిపోవడం తేలిక. ఇక్కడ అతను పణంగా పెట్టింది తన జీతం, తన ఊరు, రాబోయే ఏళ్ళ బతుకు. తను ప్రభావం చూపలేని, తనకి ఓటే లేని ఒక సభలోని లెక్కకి దాన్ని కట్టేశాడు. ఏప్రిల్ 25న లెక్క తేలింది. మూడింట రెండు వంతుల ఆధిక్యానికి 320 కావాలి. అనుకూలంగా పడ్డవి 298. వ్యతిరేకంగా పడ్డవి 65 మాత్రమే. 100మందికి పైగా సభ్యులు రానే లేదు. 22 ఓట్లు తక్కువై సవరణ పోయింది. వద్దన్నవాళ్ళు ఓడించలేదు, రానివాళ్ళు ఓడించారు. 15న ఓటు వేయండి అని వీపు మీద రాసుకుని తిరిగిన మనిషికి ఇంతకంటే నొప్పించే లెక్క ఇంకొకటి ఉంటుందా?

అతను వెళ్ళిపోయాడు. ఫ్లారెన్స్‌లో ఉన్నది ఒక్క సీజనే. చలి, కఠినమైన శిక్షణ, ప్రతిదీ కోచే తేల్చే పద్ధతి అతనికి పడలేదు. మార్క్సిస్టు ఆలోచనాపరుడు గ్రాంసీని ఇటాలియన్‌లోనే చదువుకోవడానికి వచ్చానన్నాడని చెబుతారు. లీగ్‌లో 25 మ్యాచ్‌లు, 6 గోల్స్. తిరిగొచ్చి ఫ్లమెంగోకి, తర్వాత సాంతోస్‌కి ఆడాడు. 1986 ప్రపంచ కప్పు మెక్సికోలో. అంతకుముందు ఏడాది భూకంపం ఆ దేశాన్ని కుదిపేసింది. సోక్రటీస్ నుదుటికి గుడ్డపట్టీ కట్టుకుని, మెక్సికో ఇంకా నిలబడే ఉంది అన్న మాట దాని మీద రాసుకుని మైదానంలోకి వచ్చాడు. జూన్ 21న గ్వాదలహారాలో ఫ్రాన్స్‌తో 1-1. పెనాల్టీల్లో మొదట కొట్టింది అతనే. పరిగెత్తకుండా దాదాపు నిలబడ్డ చోటి నుంచే కొట్టడం అలవాటు. పోలండ్ మీద అలాగే కొట్టి గోల్ చేశాడు. ఈసారి ఫ్రాన్స్ గోల్‌కీపర్ బాట్స్ ఆపేశాడు. బ్రెజిల్ 3-4తో ఇంటిదారి పట్టింది. దేశానికి 60 మ్యాచ్‌లు, 22 గోల్స్ దగ్గర అతని లెక్క ఆగింది.

ఇంకో సంగతి దాటేయడానికి వీల్లేదు. డాక్టరయి ఉండీ పొగ తాగాడు, మందు తాగాడు, విపరీతంగా తాగాడు. ఆడే రోజుల్లో కూడా దాచుకోలేదు. నా శరీరం నా ఇష్టం అన్నది హోటల్ బస మీద పోరాడిన మనిషి వాదనలోంచే వచ్చింది. ఆటగాడు పెద్దమనిషి, అతన్ని కాపలా కాయక్కర్లేదు అన్న మాట నిజమే. ఆ మాట అన్న మనిషి కాలేయం పాడైపోయిందన్నదీ నిజమే. మొదటిది తప్పని రుజువు చేయడానికి రెండోదాన్ని వాడినవాళ్ళున్నారు. అది అన్యాయం. వ్లాదిమీర్ కూడా అదే స్వేచ్ఛ అనుభవించాడు, అందరికంటే ఎక్కువ మ్యాచ్‌లు కొరింథియన్స్‌కి ఆడాడు. అయినా సోక్రటీస్‌ని ప్రేమించేవాళ్ళకి ఇక్కడ గుండె కలుక్కుమంటుంది. 2011లో పలుమార్లు ఆసుపత్రి పాలయ్యాడు. డిసెంబర్ 4న, ఆదివారం తెల్లవారుజామున, పేగుల ఇన్‌ఫెక్షన్ రక్తంలోకి పాకి చనిపోయాడు. వయసు 57. ఆ సాయంత్రం పకయెంబు స్టేడియంలో కొరింథియన్స్ ఆటగాళ్ళు మధ్య వలయం చుట్టూ నిలబడి, గోల్ కొట్టాక అతను ఎత్తినట్టే పిడికిళ్ళెత్తారు. పల్మేరాస్‌తో 0-0తో ముగించి జాతీయ ఛాంపియన్లయ్యారు.

కొరింథియన్ ప్రజాస్వామ్యం అంతకు చాలా ముందే ముగిసింది. దాన్ని సైన్యం మూయలేదు. 1985లో క్లబ్బు అధ్యక్ష ఎన్నికల్లో అడిల్సన్ నిలబడ్డాడు. రొబెర్తో పాస్క్వా చేతిలో ఓడిపోయాడు. సోక్రటీస్ అప్పటికి ఇటలీలో ఉన్నాడు, కాసాగ్రాండె కొన్నాళ్ళు వేరే క్లబ్బుకి వెళ్ళొచ్చాడు, వ్లాదిమీర్ కూడా ఆ ఏడాదే క్లబ్బు వదిలాడు. ఓటుతో నడిచిన పద్ధతిని ఓటే తీసేసింది. గెలిచిన గుంపు పాత అలవాట్లని తిరిగి తెచ్చింది.

1989లో సోక్రటీస్ తను మొదలుపెట్టిన రిబెయిరావ్ ప్రేతో బొటఫోగోకే తిరిగొచ్చి, ఆట ముగించి, వైద్యం వైపు మళ్ళాడు. అదే ఏడాది నవంబర్ 15న బ్రెజిల్ ప్రజలు 29 ఏళ్ళ తర్వాత తమ అధ్యక్షుణ్ణి నేరుగా ఎన్నుకోవడానికి వరసలు కట్టారు. అక్కడా అతనిది ఒక్క ఓటే.